గవర్నర్ స్కాట్ వేషం వేసిన రే స్టీవెన్‌సన్ ఎవరు?

అడిగింది ఇదీ: ఆర్ఆర్ఆర్‌లో గవర్నర్ స్కాట్‌గా వేసిన రే స్టీవెన్‌సన్ పోయినప్పుడు ఇంగ్లిష్ పత్రికలు ఆయన్ని ఎంతో మెచ్చుకుంటూ రాశాయి. మనకు తెర మీద కనిపించింది మాత్రం మామూలు దుర్మార్గపు దొరే. అసలు ఆయన ఏం చేశాడు? అంత నటుడైతే హీరో ఎందుకు కాలేదు? ఆ పనితనం చూడాలంటే ఎక్కడ చూడాలి?

నేను నటన నేర్చుకునేవాళ్లకు వాచికం, అంటే మాట పలికే తీరు, చెబుతాను. బ్రిటిష్ నటుల పని పట్టి పట్టి చూడటం నా వృత్తిలో భాగం. కాబట్టి సమాధానం కాస్త పొడుగ్గానే వస్తుంది, ఓపిక పట్టండి.

మీ అనుమానంలో సగం న్యాయం ఉంది. స్కాట్ పాత్రను రాసిందే అంత. తెలుగు తెర మీద తెల్లదొర అనగానే నా వయసు వాళ్లకు గుర్తొచ్చేది 1974లో వచ్చిన అల్లూరి సీతారామరాజులో జగ్గయ్య వేసిన రూథర్‌ఫర్డ్. ఆ దొరకు మాట ఉంది, వాదన ఉంది, శత్రువు మీద గౌరవం కూడా ఉంది. దాని మీద జగ్గయ్యగారి కంచు కంఠం. స్కాట్‌కు అవేవీ ఇవ్వలేదు. అతనికి సందేహం లేదు, గతం లేదు, ఎవరితోనూ నిజమైన సంభాషణ లేదు. కథకు కావలసింది కూలిపోవాల్సిన ఒక కొండ, అంతే. అలాంటి పాత్ర చేతికొస్తే నటుడికి మిగిలేవి రెండే: నిలబడే తీరు, మాట పలికే తీరు.

ఇప్పుడు మొదట్లో వచ్చే తూటా సీన్ మళ్లీ చూడండి. పిల్లను కారులో ఎత్తుకుపోతున్నారు, తల్లి వెంటపడుతోంది, సిపాయి తుపాకీ ఎత్తాడు. స్కాట్ ఆపుతాడు. ఒక్క క్షణం దయేమో అనిపిస్తుంది. కాదు. ఆ తూటా ఇంగ్లండ్‌లో తయారై, సముద్రాలు దాటి ఇక్కడికి చేరేసరికి ఒక పౌండు అవుతుందని, దాన్ని ఇలాంటివాళ్ల మీద వృథా చేయొద్దని చెబుతాడు. ఆ మాటల్లో కోపం లేదు. ఆ తల్లి మీద ద్వేషం కూడా లేదు. సరుకుల పద్దు చూసుకునే షావుకారులా లెక్క చెబుతాడు. అక్కడ అరిచి ఉంటే అది మామూలు విలన్ సీన్ అయ్యేది. అరవలేదు కాబట్టే ఆ లెక్క ప్రేక్షకుడి మనసులో నిలిచిపోయి, చివర్లో అదే తూటా మాట స్కాట్‌కే తిరిగొచ్చినప్పుడు హాలు మొత్తం ఈలలతో మోగింది. చివర పేలడానికి మందు మొదట్లోనే కూరిపెట్టింది స్టీవెన్‌సన్. రాజమౌళి అది రాయించుకున్నాడు, నిజమే. కానీ అది అంత చల్లగా పలకకపోతే పనిచేయదు.

మధ్యలో ఒక ముచ్చట. ఆ సినిమాలో బ్రిటిష్ దొర, దొరసాని వేసిన ఇద్దరూ ఐర్లండ్ దీవిలో పుట్టినవాళ్లే. దొరసానిగా వేసిన ఆలిసన్ డూడీది డబ్లిన్. స్టీవెన్‌సన్‌ది ఉత్తర ఐర్లండ్‌లోని లిస్బర్న్. కథ జరిగే 1920 ప్రాంతంలో ఐర్లండ్ వాళ్లు కూడా ఇంగ్లండ్‌తో పోరాడుతున్నారు. కావాలని ఎంచుకున్నారని నేననడం లేదు, తలుచుకుంటే మాత్రం నవ్వొస్తుంది.

పూర్తి పేరు జార్జ్ రేమండ్ స్టీవెన్‌సన్. 1964 మే 25న పుట్టాడు. తండ్రి ఆంగ్లేయుడు, రాయల్ ఎయిర్ ఫోర్స్‌లో పైలట్. తల్లి ఐరిష్. ముగ్గురు అన్నదమ్ముల్లో నడిమివాడు. ఎనిమిదేళ్ల వయసులో, 1972లో, కుటుంబం ఇంగ్లండ్ ఈశాన్యానికి మారింది. మొదట న్యూకాసిల్‌లోని లెమింగ్టన్, తర్వాత నార్తంబర్లండ్‌లోని క్రామ్లింగ్టన్. బొగ్గు గనులు, ఓడల తయారీ మీద బతికిన ప్రాంతం అది. అక్కడి యాస లండన్ వాళ్లకు సరిగ్గా అర్థం కాదని బ్రిటన్‌లోనే జోకులు వేసుకుంటారు. ఈ యాస సంగతి గుర్తుపెట్టుకోండి, ముందు పనికొస్తుంది.

నటుడు కావాలన్న కోరిక చిన్నప్పటి నుంచీ ఉన్నా, అది మనలాంటి వాళ్ల వల్ల అయ్యే పని కాదని వదిలేశాడు. బొమ్మలు వేయడం వచ్చు కాబట్టి డిజైన్ చదివి, లండన్‌లో ఒక ఆర్కిటెక్చర్ సంస్థలో ఇంటీరియర్ డిజైనర్‌గా చేరాడు. పాతికేళ్లు వచ్చేసరికి మంచి ఉద్యోగం, జీతం, అన్నీ కుదురుకున్నాయి. అప్పుడు లండన్‌లో నాటకశాలలుండే వెస్ట్ ఎండ్‌లో ఒక నాటకానికి వెళ్లాడు. లాన్‌ఫర్డ్ విల్సన్ రాసిన బర్న్ దిస్, అందులో అమెరికన్ నటుడు జాన్ మాల్కోవిచ్. ఆ రాత్రి చూసిన నటనే తనను ఉద్యోగం వదిలేలా చేసిందని తర్వాత ఇంటర్వ్యూల్లో చెప్పుకున్నాడు. ముందు క్లాసులకు వెళ్లి, తర్వాత బ్రిస్టల్ ఓల్డ్ విక్ థియేటర్ స్కూల్లో సీటు తెచ్చుకున్నాడు. డేనియల్ డే లూయిస్, జెరెమీ ఐరన్స్, పీట్ పోసిల్‌త్వెయిట్ చదివిన బడి అది. బయటికి వచ్చేసరికి 1993, వయసు 29.

ఈ వయసు దగ్గర ఆగాలి. తోటి విద్యార్థులు ఇరవై రెండు, ఇరవై మూడేళ్ల వాళ్లు. ప్రేమికుడి వేషాలు వాళ్లకు వెళ్తాయి. ముప్పై దగ్గరపడిన, ఆరడుగులు దాటిన, భుజాలు వెడల్పైన మనిషికి ఏం వస్తాయి? భర్త, పోలీసు, రౌడీ, సైనికుడు. మీ రెండో ప్రశ్నకు జవాబు ఇక్కడే మొదలవుతుంది. ఆ శరీరాన్ని చూసి పని ఇచ్చారు, ఆ శరీరాన్ని చూసే హద్దూ గీశారు. ఆయన ముప్పై ఏళ్ల పనంతా ఆ హద్దు లోపల ఏం పెట్టొచ్చో వెతకడమే. ఎక్కడ ఏదో పెట్టగలిగాడో అక్కడ గొప్పగా ఉన్నాడు. పెట్టడానికి చోటు దొరకని చోట మీరన్నట్టు మామూలుగానే ఉన్నాడు.

తొలి పదేళ్లూ టీవీ. కేథరిన్ కుక్సన్ నవలల మీద తీసిన సీరియళ్లు రెండింటిలో వేశాడు: 1994లో ది డ్వెల్లింగ్ ప్లేస్, 1996లో ది టైడ్ ఆఫ్ లైఫ్. కుక్సన్ రాసేది టైన్ నది ఒడ్డు పేదల బతుకు గురించి, అంటే ఆయన పెరిగిన ప్రాంతం గురించే. నేను చెప్పిన యాస అక్కడ పనికొచ్చింది. లండన్ నటుడు నేర్చుకుని పలకాల్సినది ఈయనకు ఇంటి భాష. తర్వాత బ్యాండ్ ఆఫ్ గోల్డ్, బీబీసీ పోలీస్ సీరియల్ సిటీ సెంట్రల్. 1997లో నటి రూత్ గెమెల్‌ను పెళ్లి చేసుకున్నాడు, 2005లో విడిపోయారు. 1998లో తొలి సినిమా ది థియరీ ఆఫ్ ఫ్లైట్, అందులో చిన్న వేషం. పాల్ గ్రీన్‌గ్రాస్ తీశాడు, హెలెనా బోనమ్ కార్టర్, కెన్నెత్ బ్రానా ముఖ్య పాత్రలు. బ్రానా పేరు కూడా గుర్తుంచుకోండి.

రంగస్థలం మీద చేసిన రెండు పనులు చెబుతాను, ఎందుకంటే సినిమా అభిమానులకు ఇవి తెలియవు. 2000లో యార్క్ మిన్‌స్టర్ అనే మహా చర్చిలో ఆడిన మిస్టరీ నాటకాల్లో యేసు పాత్ర. మధ్యయుగంలో యార్క్ నగరంలోని వృత్తి సంఘాలు బైబిల్ కథలో తలా ఒక ఘట్టం పంచుకుని, బళ్ల మీద వీధుల్లో ఆడిన నాటకాలవి. ఇప్పటికీ ఊరివాళ్లే ఎక్కువమంది వేస్తారు. ఆ ఏడాది గ్రెగరీ డోరన్ దర్శకుడు. కండలు తిరిగిన రౌడీ వేషాల మనిషికి యేసు పాత్ర! ఇంకొకటి 2003లో నేషనల్ థియేటర్‌లో ది డచెస్ ఆఫ్ మాల్ఫీ. అందులో కార్డినల్, అంటే సొంత చెల్లెలిని చంపించే మతాధికారి. ఆ పాత్ర అరవదు, చెయ్యెత్తదు, మాటతో చంపుతుంది. గవర్నర్ స్కాట్ బీజం నాకు అక్కడ కనిపిస్తుంది.

2004లో ఆంట్వాన్ ఫుకా తీసిన కింగ్ ఆర్థర్. అందులో డాగోనెట్ అనే వీరుడు. మాటలు చాలా తక్కువ. గడ్డకట్టిన చెరువు మీద శత్రుసైన్యం వస్తుంటే, బాణాలు గుచ్చుకుంటున్నా గొడ్డలితో మంచు పగలగొట్టి ప్రాణం వదులుతాడు. సినిమా అంతంత మాత్రం, ఆ సీన్ మాత్రం నిలిచింది.

ఆ మరుసటి ఏడాది రోమ్ అనే టీవీ సిరీస్ వచ్చింది. మీరు ఒక్కటే చూడగలిగితే ఇదే చూడండి.

అమెరికన్ చానల్ హెచ్‌బీఓ, బ్రిటన్ బీబీసీ కలిసి ఇటలీలోని చినెచిత్తా స్టూడియోలో ఐదెకరాల సెట్ వేసి తీశాయి. మొదటి సీజన్‌కే పది కోట్ల డాలర్ల ఖర్చు అని అప్పట్లో రాశారు. 2005 నుంచి 2007 వరకు రెండు సీజన్లు, మొత్తం 22 ఎపిసోడ్లు. ఖర్చు మోయలేక ఆపేశారు. సీజర్, ఆంటోనీ, క్లియోపాత్రా అందరూ ఉంటారు, కానీ కథను మోసేది ఇద్దరు సైనికులు: కెవిన్ మెక్‌కిడ్ వేసిన లూసియస్ వొరేనస్, స్టీవెన్‌సన్ వేసిన టైటస్ పుల్లో. ఈ రెండు పేర్లూ కల్పితం కాదు. సీజర్ తన గాల్ యుద్ధాల గ్రంథం ఐదో భాగంలో వీళ్ల గురించి రాశాడు. నువ్వు గొప్పా నేను గొప్పా అని ఎప్పుడూ పోటీ పడే ఇద్దరు సెంచూరియన్లు, అంటే రోమన్ సైన్యంలో దళ నాయకులు. ముట్టడిలో ఒకరు శత్రువుల మధ్య చిక్కుకుంటే రెండోవాడు కాపాడాడు, ఆ వెంటనే వాణ్ణి వీడు కాపాడాడు. ఎవరు గొప్పో తేలలేదని సీజర్ ముగించాడు. ఆ కొద్ది వాక్యాల నుంచి రచయితలు రెండు జీవితాలు అల్లారు. సిరీస్‌లో పుల్లోను మామూలు సైనికుడిని చేశారు.

పుల్లో తాగుతాడు, జూదమాడతాడు, కొడతాడు, నవ్వుతాడు. రెండో సన్నివేశానికే మనకు నచ్చేస్తాడు. అక్కడితో ఆగి ఉంటే స్నేహితుడి కామెడీ వేషం అయ్యేది. కానీ వాడు ప్రేమించిన బానిస పిల్లను విడిపించి, తనను పెళ్లి చేసుకుంటుందనుకుంటాడు. ఆమె ఇంకొకడిని ప్రేమిస్తోందని తెలియగానే ఆ కుర్రాణ్ణి అక్కడికక్కడే చంపేస్తాడు. అప్పటిదాకా నవ్వించిన శరీరమే ఒక్క క్షణంలో భయం పుట్టిస్తుంది. స్టీవెన్‌సన్ ముఖం చూడండి. చంపిన తర్వాతే తాను ఏం చేశాడో వాడికి తెలుస్తుంది. తెలిసినా దాన్ని చెప్పుకోవడానికి మాటలు లేవు. చదువులేని మనిషి పశ్చాత్తాపాన్ని మాటల్లేకుండా చూపించడం ఎంత కష్టమో నటన నేర్పేవాళ్లకు తెలుసు. లోపలి భావం ఒంట్లో, ముఖంలో తెలియడం, మన శాస్త్రం భాషలో సాత్వికాభినయం అంటే ఇదే.

మొదటి సీజన్ చివర్లో మరణశిక్ష పడిన పుల్లోను కత్తులతో పోరాడే గ్లాడియేటర్ల మైదానంలోకి తోస్తారు. వాడు పోరాడడు. ఇసుకలో కూర్చుంటాడు. చంపండి అన్నట్టు ఉంటాడు. గ్లాడియేటర్లు తిడతారు, ఎగతాళి చేస్తారు, కదలడు. వాడి పదమూడో దళాన్ని తిట్టినప్పుడు మాత్రం తల ఎత్తుతాడు. తర్వాతి పోరాటం అందరికీ గుర్తుంటుంది. నేను మాత్రం విద్యార్థులకు ఆ కూర్చున్న భాగమే చూపిస్తాను. అంత పెద్ద మనిషి బతకాలన్న కోరిక పోయి కూర్చుంటే శరీరం ఎలా బరువెక్కుతుందో అందులో ఉంది. ఒంట్లో ఓపిక అయిపోయి నేలకూలే సమయానికి వొరేనస్ పైనుంచి దూకి, దళం పేరు పెట్టి అరుస్తూ తోడొస్తాడు. సీజర్ పుస్తకంలోని ఆ చిన్న సంఘటన ఇక్కడికి వచ్చి చేరింది.

ఈయన బాగా చేసిన పాత్రలన్నిటిలో పక్కన ఒక గట్టి జోడీ ఉంటుంది. మెక్‌కిడ్ వొరేనస్ బిగుసుకుపోయిన మనిషి, నియమాలు, పరువు. ఆ బిగువు ఉంది కాబట్టే పుల్లో వదులుతనం అందంగా కనిపిస్తుంది. ఒంటరిగా తెరంతా నింపమన్నప్పుడు ఫలితం వేరు.

ఆ ఒంటరి ప్రయత్నం 2008లో జరిగింది. పనిషర్: వార్ జోన్, మార్వెల్ కామిక్స్‌లో కుటుంబాన్ని పోగొట్టుకుని గూండాలను వేటాడే ఫ్రాంక్ క్యాజిల్ పాత్ర. అంతకుముందు డాల్ఫ్ లండ్‌గ్రెన్, థామస్ జేన్ వేశారు. ఈయన మూడోవాడు. దాదాపు మూడున్నర కోట్ల డాలర్లతో తీస్తే ఒక కోటి దగ్గర ఆగిపోయింది. పెద్ద ఫ్లాప్. తర్వాత్తర్వాత డీవీడీల్లో చూసిన వాళ్లు అభిమానులయ్యారు, ఇప్పటికీ ఈయనే అసలైన పనిషర్ అని వాదించేవాళ్లు ఉన్నారు. నా ఉద్దేశం అడిగితే, ఆ ముఖంలో విషాదం నిజమైనదే. చుట్టూ ఉన్న నెత్తురు, రంగు లైట్లు మాత్రం దాన్ని పట్టించుకోలేదు.

రెండో హీరో ప్రయత్నం 2011లో కిల్ ది ఐరిష్‌మన్. 1970ల్లో అమెరికాలోని క్లీవ్‌లండ్ నగరంలో ఇటాలియన్ మాఫియాతో తలపడిన డానీ గ్రీన్ అనే నిజమైన మనిషి కథ. ఎన్నోసార్లు చంపబోతే తప్పించుకుని, చివరికి 1977లో కారు బాంబుకు బలయ్యాడు. దీనికి దర్శకుడు జొనాథన్ హెన్స్‌లే, అంటే 2004 నాటి పనిషర్ సినిమా తీసినవాడే. తన సినిమాలో పనిషర్‌ను కాకుండా తర్వాతి సినిమా పనిషర్‌ను తెచ్చుకున్నాడు! క్రిస్టఫర్ వాకెన్, విన్సెంట్ డొనొఫ్రియో, వాల్ కిల్మర్ ఉన్నారు. చిన్న సినిమా, పెద్దగా ఆడలేదు, కానీ ఈయన మొదటి నుంచి చివరిదాకా ఉండి నడిపించిన కథ కావాలంటే ఇది చూడొచ్చు.

అదే ఏడాది మార్వెల్ సినిమా థోర్ వచ్చింది. దర్శకుడు ఆ కెన్నెత్ బ్రానాయే. తిండిపోతు యోధుడు వోల్‌స్టాగ్ వేషం, ఒళ్లు లావుగా కనిపించడానికి లోపల మెత్తలు కట్టుకుని. 2013, 2017 సినిమాల్లోనూ కొనసాగాడు, మూడోదాంట్లో వచ్చీరాగానే చచ్చిపోతాడు. త్రీ మస్కటీర్స్‌లో పోర్తోస్, జి.ఐ. జో రెండో భాగంలో ఫైర్‌ఫ్లై, డైవర్జెంట్ సినిమాల్లో హీరో తండ్రి. డబ్బులు వచ్చే పనులు. ఇల్లు గడవాలి కదా. వీటి గురించి ఇంతకంటే చెప్పడానికి లేదు. ది బుక్ ఆఫ్ ఎలైలో గ్యారీ ఓల్డ్‌మన్ కింద పనిచేసే రెడ్‌రిడ్జ్ మాత్రం వేరే రకం. చెప్పిన పని చేస్తూనే యజమానిని లోలోపల కొలుస్తూ ఉండే మనిషి.

2012లో డెక్స్‌టర్ ఏడో సీజన్. డెక్స్‌టర్ అనే సీరియల్ హంతకుడే కథానాయకుడైన అమెరికన్ టీవీ సిరీస్ అది. రోమ్ తర్వాత ఈయన చేసిన పెద్ద పని నా లెక్కలో ఇదే. ఐజాక్ సిర్కో, ఉక్రెయిన్ నేర ముఠా పెద్ద. తన మనిషి విక్టర్‌ను డెక్స్‌టర్ చంపాడు, పగ తీర్చుకోవడానికి మయామి వస్తాడు. ఖరీదైన సూట్లు, మర్యాదైన మాట. ముఠా పరువు కోసం వచ్చాడని అందరూ అనుకుంటారు, మనమూ అనుకుంటాం. తర్వాత తెలుస్తుంది, విక్టర్ అతను ప్రేమించిన మనిషి. ఆ సంగతి చెప్పే సీన్ ఒక బార్‌లో. ఎదురుగా కూర్చున్నది తన ప్రేమను చంపినవాడు. కన్నీళ్లు పెట్టుకోడు. చిన్న నవ్వు కూడా ఉంటుంది. ప్రేమంటే ఏమిటో నీకు తెలియదు పాపం అన్నట్టు ఎదుటివాడి మీద జాలిపడతాడు. చివర్లో చావుబతుకుల్లో ఉన్నప్పుడు విక్టర్‌ను ఎక్కడ సముద్రంలో కలిపారో అక్కడికే తీసుకెళ్లమంటాడు. సీరియల్ హంతకుడి కథలో ప్రేక్షకుడు విలన్ కోసం బాధపడేలా చేయడం చిన్న విషయం కాదు. ఆ సీజన్ గురించి ఇప్పటికీ మాట్లాడేవాళ్లు ముందు ఐజాక్ పేరే ఎత్తుతారు.

ఈ వాచికం గురించి ఒక మాట. రోమ్‌లో మోటు సిపాయి మాట, కిల్ ది ఐరిష్‌మన్‌లో అమెరికన్ మాట, డెక్స్‌టర్‌లో ముఠా పెద్ద మర్యాదైన మాట, ఆర్ఆర్ఆర్‌లో పై తరగతి ఆంగ్లేయుడి మాట. న్యూకాసిల్ వీధుల్లో పెరిగిన మనిషికి గవర్నర్‌గారి ఇంగ్లిష్ కూడా నేర్చుకుని పలికిన భాషే. బ్రిటన్‌లో నోరు తెరవగానే మనిషి ఏ తరగతివాడో ఎదుటివాళ్లు పసిగడతారు, కాబట్టి నటులకు ఇది తప్పనిసరి చదువు. మన దగ్గర ఈ బాధ్యతలో చాలా భాగం డబ్బింగ్ కళాకారుడి మీద పడుతుంది.

బ్లాక్ సెయిల్స్ అనే సముద్రపు దొంగల సిరీస్‌లో 2016, 2017ల్లో ఎడ్వర్డ్ టీచ్, అంటే బ్లాక్‌బియర్డ్ అని పేరుమోసిన దొంగ. ఆ పాత్ర చావు చూడాలంటే గుండె గట్టిగా ఉండాలి. తాడుకు కట్టి ఓడ అడుగు కిందుగా ఈడుస్తారు. ఒకసారి కాదు, మూడుసార్లు. ప్రతిసారీ ప్రాణంతో పైకొస్తాడు. చివరికి తుపాకీతో కాల్చాల్సి వస్తుంది. ఒక్క మాట మాట్లాడకుండా తనను చంపేవాడిని ఓడించిన చావు అది. తర్వాత ది స్పానిష్ ప్రిన్సెస్‌లో స్కాట్లండ్ రాజు నాలుగో జేమ్స్, వైకింగ్స్ సిరీస్ చివరి సీజన్‌లో ఓథెరె అనే పాత్ర.

ఆర్ఆర్ఆర్‌లో ఆయన, ఆలిసన్ డూడీ, ఒలీవియా మోరిస్ ఉన్నారని 2019 నవంబర్‌లో ప్రకటించారు. కోవిడ్ వల్ల షూటింగ్ సాగి సాగి, సినిమా 2022 మార్చి 25న వచ్చింది. ఆయన పోయినప్పుడు చిత్రబృందం సెట్ ఫోటో పెట్టి, ఒక కష్టమైన స్టంట్ తీసేనాటికి ఆయనకు 56 ఏళ్లని, అయినా వెనకాడలేదని రాసింది. ఆయన సెట్లో ఉంటే ఆ హుషారు అందరికీ అంటుకునేదని, ఆయనతో పనిచేయడం ఆనందమని రాజమౌళి రాశాడు. ఇవి మర్యాద కోసం రాసిన మాటలని కొట్టిపారేయకండి. ఏ దేశంలో, ఏ భాషలో షూటింగ్ అయినా సమయానికి వచ్చి, చెప్పింది చేసి, పక్కవాళ్లను ఉత్సాహపరిచి వెళ్లేవాడికే అన్నేళ్లు ఆగకుండా పని దొరుకుతుంది.

హీరో ఎందుకు కాలేదన్నదానికి ఇప్పటికే చాలావరకు చెప్పాను. తొలి సినిమా నాటికి 34 ఏళ్లు, ప్రపంచానికి తెలిసేనాటికి 41. దొరికిన రెండు మూడు అవకాశాల్లో డబ్బు రాలేదు. ఇంకో సంగతి కూడా ఉంది. డ్రామా స్కూల్ నుంచి వచ్చిన బ్రిటిష్ నటుడు వేషం పెద్దదా చిన్నదా అని లెక్కపెట్టి కూర్చోడు. ఈ వారం యేసు, వచ్చే నెల పోలీసు, ఆపైన రాజు. అది వాళ్లకు ఉద్యోగం. అయినా ఎస్వీ రంగారావుగారు హీరో ఎందుకు కాలేదని మనం ఎప్పుడైనా అడిగామా?

చివరి పనుల్లో ముఖ్యమైనది స్టార్ వార్స్ లోకంలో జరిగే సిరీస్ అహ్సోకా. దాని సృష్టికర్త డేవ్ ఫిలోనీకి ఆయన కొత్త కాదు. స్టార్ వార్స్ రెబెల్స్ యానిమేషన్‌లో గార్ శాక్సన్ పాత్రకు అప్పటికే గొంతు ఇచ్చాడు. అహ్సోకాలో బేలన్ స్కోల్ అనే మాజీ జెడై, అంటే స్టార్ వార్స్ కథల్లోని వీరయోధుల సంఘంవాడు. తాను నమ్మిన వ్యవస్థ కూలిపోవడం చూసి, కిరాయికి కత్తి దూసే స్థితికి వచ్చినవాడు. శిష్యురాలిగా ఇవానా సాఖ్నో. ఆ మనిషి కత్తి దూసేముందు కూడా విచారంగానే ఉంటాడు. గెలిచినా సంతోషం లేదు. నెరిసిన గడ్డం, నెమ్మదైన మాట, ఆ పెద్ద శరీరంలో తొందర అన్నదే లేదు. మంచి జోడీ దొరికింది, లోపల పెట్టడానికి చోటూ దొరికింది.

అది విడుదల కాకముందే, 2023 మే 21న, ఇటలీలోని ఇస్కియా దీవిలో ఇంకో సినిమా షూటింగ్‌లో ఉండగా అస్వస్థత పాలై చనిపోయాడు. 59 నిండటానికి నాలుగు రోజులు. నాటు నాటుకు ఆస్కార్ వచ్చి అప్పటికి పది వారాలు. ఇటలీకి చెందిన మానవశాస్త్రవేత్త ఆయన జీవిత భాగస్వామి, వాళ్లకు ముగ్గురు కొడుకులు. ఆగస్టులో అహ్సోకా మొదటి ఎపిసోడ్‌ను మా మిత్రుడు రే కోసం అంటూ అంకితమిచ్చారు. బేలన్ కథ మధ్యలో ఆగింది, రెండో సీజన్‌కు ఆ పాత్రను రోరీ మెక్‌కాన్ అనే నటుడికి ఇచ్చారు.

ఏది ముందు చూడాలంటే, రోమ్ మొదటి సీజన్‌తో మొదలుపెట్టండి. తొలి ఎపిసోడ్‌లో పేర్లు కాస్త గందరగోళంగా ఉంటాయి, మూడోదానికి కుదురుతాయి. సబ్‌టైటిల్స్ పెట్టుకోండి, కానీ మాట విరుపు కూడా వినండి. పెద్దవాళ్ల మాటకూ సిపాయిల మాటకూ తేడా తెలుస్తుంది. అంత తీరిక లేకపోతే డెక్స్‌టర్ ఏడో సీజన్ విడిగా చూసినా అర్థమవుతుంది, ఆరో సీజన్ చివరి ఎపిసోడ్ ఒకటి చూసి మొదలుపెడితే చాలు. అహ్సోకాకు మాత్రం పాత స్టార్ వార్స్ యానిమేషన్ కథ తెలియకపోతే కొంత తికమక తప్పదు. ఇంకో హెచ్చరిక: రోమ్, డెక్స్‌టర్, బ్లాక్ సెయిల్స్ మూడింటిలోనూ నగ్నత్వం, హింస బాగా ఉన్నాయి. ఇంట్లో పిల్లలు పడుకున్నాకే పెట్టుకోండి.